కాళ్ళూ చేతులూ వీపులూ

ఆటోనగర్‌లో మా అల్లుడి కారుకి బ్రేకులు బాగుచేయిస్తుంటే, మెకానిక్కు నట్లూ బోల్టులూ ఏరుకుంటున్న డబ్బా మూత మీద ‘వీపులు’ అని రాసి ఉండటం చూశాను. గుండ్రటి, పల్చటి రేకు డబ్బా. తెల్ల పెయింటుతో రాసిన అక్షరాలు గాలికి పడిపోయిన వరిలా ఒక పక్కకి ఒరిగి ఉన్నాయి. ఆ దస్తూరీ నాకు తెలుసు. కూర్చున్న స్టూలు మీంచి ఎందుకు లేచానో తెలియదు, లేచి నిలబడ్డాను.

డబ్బా ఎక్కడిదని అడిగితే మెకానిక్కు మస్తాన్ తలెత్తకుండానే చెప్పాడు. పాత ఇనుం కొట్లో తెచ్చుకున్నాడట. భవానీపురంలో ఎవరో పెద్దాయన పోతే, ఇల్లు ఖాళీ చేస్తూ సామానంతా తూకానికి వేసేశారట. లోపల నల్ల రిబ్బను చుట్ట ఉండేదనీ, పనికొచ్చేది కాదని పారేశాననీ అన్నాడు. పాపం అతను తప్పుగా ఏం అనలేదు. నాకు మాత్రం చెంప మీద కొట్టినట్టయింది. ఆయన పోయారు. ఒకే ఊళ్ళో ఉంటూ, ఆ సంగతి నాకు బోల్టుల డబ్బా చెప్పాల్సొచ్చింది.

ఆయన సినిమాలు తీసేవారు. అలా అంటే మీరు గాంధీనగర్ సినిమా ఆఫీసుల్నీ, గోడల మీద పోస్టర్లనీ ఊహించుకుంటారు. ఆయన తీసినవి పోస్టరు వేయడానికి వీల్లేనివి. పాట లేదు, మాట లేదు, కథ లేదు, అన్నిటికీ మించి మొహం లేదు. పనిచేసే మనుషుల కాళ్ళూ, చేతులూ, వీపులూ తీసేవారు. అంతే. ఎందుకండీ అంటే ఒకటే జవాబు. “మొహం కెమెరాని చూడగానే ముస్తాబైపోతుందండీ. చేతులకి ఆ తెలివి లేదు.”

ఒక ఎరువుల కంపెనీ ఆయనకి ప్రచారం సినిమా ఒకటి అప్పగించిందట. రైతు చేలో నిలబడి నవ్వాలి. ఈయన వెళ్ళి ఆ రైతు వీపు తీసుకొచ్చారు. వీపు నవ్వుతోంది, సరిగ్గా చూడండి అని కంపెనీ వాళ్ళతో వాదించారట. వాళ్ళకి అంత చూపు లేకపోయింది. ఎవరి పిచ్చి వారికి ఆనందం అని ఊరుకుందామంటే, ఈ పిచ్చికి ఢిల్లీలో ఎవరో యోగ్యతాపత్రం కూడా ఇచ్చారు. దాన్ని ఆయన వంటింట్లో కిటికీ చువ్వల మధ్య ఎండకి అడ్డుగా పెట్టుకున్నారు.

నేను ఆయన్ని మొదటిసారి చూసింది మా స్కూల్లో. డెబ్భైల్లో సంగతి. నేను కొత్తగా టీచరు ఉద్యోగంలో చేరాను. ఒక ఆదివారం మధ్యాహ్నం మూడో తరగతి గది ఎవరికో కావాలంటున్నారు, తాళం తీసి అక్కడే ఉండు, బల్లలు విరగ్గొట్టకుండా చూసుకో అని హెడ్ మిస్ట్రెస్ గారు నన్ను పంపారు. వెళ్ళేసరికి పొడుగ్గా, ఎండిన తాటిమట్టలా ఉన్న ఒకాయన కిటికీలకి గొడుగు గుడ్డలు కడుతున్నారు. పిల్లల బెంచీల మీద మోకాళ్ళు గడ్డానికి ఆనించుకుని రిక్షావాళ్ళు కూర్చుని ఉన్నారు. బెజవాడ స్టేషను దగ్గర రిక్షాలు తొక్కేవాళ్ళు. ఎవరిని తీస్తే వాళ్ళే ముందు చూడాలనేది ఆయన నియమం. పెద్దమనుషులకి చూపించేది ఆ తర్వాతే, అదీ వాళ్ళు సరేనంటే.

గోడ మీద వీపులు కదిలాయి. చెమటకి అతుక్కుపోయిన చొక్కాలు, పైకి వచ్చి లోపలికి పోయే భుజం ఎముకలు, వంతెన ఎక్కేటప్పుడు విల్లులా వంగిన వెన్నులు. తర్వాత ఒకతను, ఒరే ఆ చిరుగు నాదిరా అన్నాడు. ఇంకొకతను తన వీపుని జన్మలో మొదటిసారి చూసుకుంటున్నాడేమో, చెయ్యి వెనక్కి పెట్టి తడుముకున్నాడు. నేను తలుపు దగ్గర నిలబడి అలా ఉండిపోయాను. రోజూ స్కూలుకి రిక్షాలో వచ్చేదాన్ని. రోజూ ఆ వీపే నా ఎదురుగా ఉండేది. ఒక్కసారి కూడా చూడలేదని నాకప్పుడు తెలిసింది.

ఆ ఉత్సాహంలోనే మా ఊరికి రమ్మని పిలిచాను. మాది దివిసీమలో, సముద్రానికి బాగా దగ్గర. ఒక పక్క వరి, ఒక పక్క వలలు, మధ్యలో మా పేట, చిన్న చర్చి. నాన్న నా చిన్నప్పుడే పోయాడు. అమ్మ ఒక్కతే ఉండేది, కూలికి పోయి నన్ను చదివించింది. నేను సెలవులకి వెళ్ళొస్తుండేదాన్ని.

ఆయన వచ్చారు. నాట్ల ముందు వచ్చి, చేలు పొట్టకొచ్చేదాకా వస్తూ పోతూ ఉన్నారు. మొదట్లో చాలా రోజులు కెమెరా సంచీలోంచి తీయనే లేదు. ఊరికే గట్ల మీద తిరిగేవారు. ఎవరు కనపడినా అండీ. కూలికి పోయేవాళ్ళని అండీ, ముక్కు కారే పిల్లల్ని అండీ, చివరికి దారికి అడ్డంగా నిలబడ్డ గేదెని కూడా “కాస్త జరగండీ” అన్నారు. మా పేట జన్మలో అన్ని అండీలు వినలేదు. ఆడవాళ్ళు కొంగులు నోట్లో కుక్కుకుని నవ్వేవాళ్ళు. వానొస్తే గొడుగు కెమెరాకి పట్టి తను తడిసేవారు. మా అమ్మ ఆయన్ని తిట్టి, తువ్వాలిచ్చి, చారన్నం పెట్టేది. నాకు పెట్టినట్టే.

చిక్కు ఎక్కడొచ్చిందంటే, ఆయన ఎప్పుడు చూసినా వంగి కాళ్ళు తీస్తున్నాడని పేటలో అందరూ కనిపెట్టేశారు. మొహాలు తీయమని పట్టుబట్టారు. అమ్మ అందరికంటే ముందు. “నాట్లేసే చేతులు ఎవరివైతే ఏంది నాయనా? మొహం తీత్తే గదా నేనని తెలిసేది” అంది. ఆయన నచ్చజెప్పబోయారు. చెవిటివాడి ముందు శంఖం ఊదినట్టయింది.

చివరికి ఒక ఆదివారం ఆరాధన అయ్యాక ఒప్పుకున్నారు. ఆ రోజు నేనూ ఉన్నాను. పాస్టరు గారింట్లోంచి చేతుల కుర్చీ తెచ్చి చర్చి గోడకి ఆనించి వేశారు. అందరూ తలలకి నూనె పెట్టుకుని, మొహాలకి పౌడరు అద్దుకుని వరుసలో నిలబడ్డారు. ఒక్కొక్కళ్ళూ వచ్చి కూర్చోవడం, ఆయన కెమెరాకి కీ ఇచ్చి వదలడం, అది గిర్రుమని తిరగడం, ఆయన “చాలండీ” అనడం. చేపలు పట్టే యోహాను, పెళ్ళాన్నీ బిడ్డల్నీ విడివిడిగా ఒకసారి, అందరినీ కలిపి ఒకసారి కూర్చోబెట్టించాడు. అమ్మ తన తెల్ల చీర కట్టుకుని, బైబిలు గుండెలకి ఆనించుకుని కూర్చుంది. ఇది కూడా పడుద్దా నాయనా అని అడిగింది. పడుతుందండీ అన్నారు ఆయన. కోతలు కూడా తీసేస్తే సినిమా అయిపోయినట్టేననీ, క్రిస్మస్‌కి తెచ్చి ఇక్కడే, ముందు మీకే చూపిస్తాననీ మాటిచ్చి వెళ్ళారు.

కోతలు లేవు. డెబ్భై ఏడు నవంబరులో ఉప్పెన వచ్చింది.

దాని గురించి నేను ఎక్కువ రాయలేను. ఇన్నేళ్ళయినా రాయలేను. దారులు తెరిచి నేను ఊరు చేరేసరికి ఊరు లేదు. ఊరు పాడైపోయిందని కాదు, లేదు. మా ఇల్లు ఇదీ అని చూపించడానికి ఒక్క గుంజ కూడా మిగల్లేదు. అమ్మని ఎక్కడో దూరాన ముళ్ళ కంపల్లోంచి తీసుకొచ్చారు. చీర అంచుని బట్టి ఆమేనని చెప్పారు. నేను ముందుకెళ్ళబోతే పాస్టరు గారు నా రెండు భుజాలూ పట్టుకుని ఆపేశారు. చూడొద్దమ్మా, చూస్తే ఇక అదే మిగిలిపోతుంది అన్నారు. నేను చూడలేదు. అమ్మ ఫోటో ఒక్కటే ఉండేది, ట్రంకు పెట్టెలో. పెట్టె లేదు. బెజవాడ వచ్చి పడుకుని కళ్ళు మూసుకుంటే అమ్మ చీర కనపడేది, నడక కనపడేది, మొహం ఉండాల్సిన చోట ఏమీ ఉండేది కాదు. కన్నతల్లి మొహం గుర్తుకు రాకపోవడమేమిటని నా మీద నాకే భయం వేసింది.

మా ఊళ్ళో మిగిలినవాళ్ళని చల్లపల్లి వైపు ఒక రైసుమిల్లు గోడౌనులో ఉంచారు. నేను బియ్యం, బట్టలూ పట్టుకుని వెళ్ళినప్పుడు యోహాను నా దగ్గరికొచ్చాడు. అతనొక్కడే మిగిలాడు. పెళ్ళాం, పిల్లలు అందరూ పోయారు. వాళ్ళలో ఒక్కరు కూడా దొరకలేదు. “టీచరమ్మా, సినిమా ఆయన దగ్గర మనోళ్ళందరి మొహాలూ ఉండాయి గదా” అన్నాడు. ఆ మాట గోడౌనంతా పాకింది. అప్పటిదాకా గోడకి చేరగిలబడి ఉన్న మనుషులు ఒక్కొక్కరే లేచి నా చుట్టూ చేరారు. ఉప్పెన తర్వాత వాళ్ళ కళ్ళలో నేను చూసిన మొదటి వెలుగు అదే. నాకూ ఆశ పుట్టింది. అమ్మ కుర్చీలో కూర్చోవడం నేను చూశాను కదా.

భవానీపురంలో ఆయన అద్దెగదికి వెళ్ళాను. గదిలో దండెం మీద బట్టలు లేవు, ఫిల్మ్ ముక్కలు వేలాడుతున్నాయి. విషయం చెప్పాను. ఆయన చేతిలో ఉన్న కత్తెరని తెరిచి మూస్తూ ఉన్నారు. చివరికి వస్తానండీ అన్నారు. బస్సులో సినిమా వేసే మిషను సీటు కిందికి తోసి, రీలు డబ్బాని ఒళ్ళో పెట్టుకుని కిటికీ బయటికి చూస్తూ కూర్చున్నారు. దారి పొడుగునా విరిగిపడ్డ చెట్లు. ఉయ్యూరు దాటాక ఒకసారి నా వైపు తిరిగి ఏదో చెప్పబోయి మానుకున్నారు. దుఃఖం అనుకున్నాను.

గోడౌను తలుపులు మూసి, వెంటిలేటర్లకి గోతాలు కట్టారు. సాయానికి వచ్చినవాళ్ళ జనరేటరు ఉంది. పంచడానికి తెచ్చిన దుప్పట్లలో తెల్లటిది ఒకటి గోడకి కొట్టారు. అందరూ నేల మీద కూర్చున్నారు. మిషను తిరిగింది.

కాళ్ళు వచ్చాయి. బురదలో దిగి పైకొచ్చే కాళ్ళు. నాట్లేసే చేతులు, వల లాగే చేతులు, బిడ్డ తల దువ్వే చేతులు. వరుసగా వంగిన వీపులు. అది మా అన్న వీపు అని ఒకామె ఏడుపు మొదలుపెట్టింది. ఆ మడమ పగుళ్ళు మా చెల్లివని ఇంకొకామె. రిక్షావాళ్ళు నవ్వుకుంటూ గుర్తుపట్టిన పద్ధతే, ఇక్కడ ఒక్కొక్క వేలికీ ఒక్కొక్క ఏడుపు లేచింది. అమ్మ చేతులు నేను వెంటనే గుర్తుపట్టాను. బొటనవేలి గోరు చీలి ఉంటుంది. నాకు ఏడుపు రాలేదు, ఆత్రం వచ్చింది. ఇక మొహాలు వస్తాయి, ఇప్పుడు వస్తాయి అని మోకాళ్ళ మీద లేచి కూర్చున్నాను.

రీలు అయిపోయింది. దుప్పటి మీద ఉత్త వెలుగు పడింది. ఎవరూ కదల్లేదు. ఇంకో డబ్బా ఎక్కిస్తారని చూస్తున్నారు. ఆయన మిషను ఆపి, గోతం ఒకటి పక్కకి లాగి వెలుతురు రానిచ్చారు. మొహాలండీ అన్నాడు యోహాను, ఆయన మరిచిపోయారేమో గుర్తుచేద్దామన్నట్టు.

“మొహాలు లేవండీ. ఆ రోజు కెమెరాలో ఫిల్మ్ లేదండీ” అన్నారాయన.

నాకు అర్థం కాలేదు. ఎవరికీ అర్థం కాలేదు. ఆయనే చెప్పారు, ఎక్కడా ఆపకుండా, ఎవరి వైపూ చూడకుండా. ఫిల్మ్ దొరకడం గగనమట. మద్రాసులో సినిమావాళ్ళు వాడగా మిగిలిన ముక్కలు తెచ్చుకుని పొదుపుగా వాడుకునేవారట. ఏ ఊరు వెళ్ళినా జనం మొహాలు తీయమంటారు, కాదంటే నొచ్చుకుంటారు. అందుకని ఖాళీ కెమెరాకి కీ ఇచ్చి తిప్పడం అలవాటు చేసుకున్నారట. తర్వాత ఆ రీలు కడగడంలో పాడైందని చెప్పేవారట. తమ చేతులూ కాళ్ళూ తెర మీద చూసుకున్న సంబరంలో ఎవరూ పట్టించుకునేవాళ్ళు కాదట.

ఇది కూడా పడుద్దా నాయనా అని అడిగిన అమ్మ గొంతు, పడుతుందండీ అన్న ఈయన గొంతు, రెండూ ఒకేసారి వినపడ్డాయి. అన్ని అండీల మనిషి, గేదెకి కూడా మర్యాద ఇచ్చిన మనిషి, నా తల్లిని ఉత్త డబ్బా ముందు కూర్చోబెట్టి బొమ్మలాట ఆడించాడు. కొట్టాలనిపించింది. ఎవరైనా కొడితే బాగుండుననిపించింది. మూలనున్న కుర్రాళ్ళు ఇద్దరు లేచారు కూడా.

వాళ్ళని యోహాను చేత్తో ఆపాడు. ఆపి ఆయన ముందుకెళ్ళి నిలబడ్డాడు. “తియ్యలేదు, సరే. మీరు చూశారా అయితే?”

చూశానండీ అన్నారు. తీసేటప్పుడు వెలుతురు చూసుకోవాలి, కీ అయిపోతుందేమో చూసుకోవాలి. ఆ రోజు ఆ బాధ లేదు గనక, కెమెరా అద్దంలోంచి తీరిగ్గా, ఒక్కొక్కరినీ బాగా చూశానన్నారు.

“అయితే చెప్పండి” అన్నాడు యోహాను.

నా జీవితంలో అలాంటిది మళ్ళీ చూడలేదు. బియ్యం బస్తా ఒకటి తెచ్చి వేస్తే ఆయన దాని మీద కూర్చున్నారు. ఆ ఆదివారం ఫలానా చోట నిలబడ్డది మావాడండీ, నీలం చొక్కా వేసుకున్నాడు అని గుర్తు చెప్తూ ఒక్కొక్కరే వచ్చి ఎదురుగా కూర్చుంటే, ఆయన కళ్ళు మూసుకుని ఆ మొహం చెప్పేవారు. కనుబొమలు కలిసి ఉన్నాయండీ. పై పెదవి మీద చెమట తుడుచుకున్నారండీ. నవ్వాలా వద్దా అని ఆలోచించి, చివర్లో నవ్వారండీ. చెప్తుంటే ఆయన గొంతు బొంగురుపోయింది. ఎవరో నీళ్ళిచ్చారు. విన్నవాళ్ళు తల ఊపుతూ, అవునండీ, అంతేనండీ అంటూ లేచి, తర్వాతి వాళ్ళకి చోటిచ్చారు. సాయంత్రం దాకా జరిగింది. యోహాను అందరినీ ముందు పంపి తర్వాత కూర్చున్నాడు. నేను ఆఖరున కూర్చున్నాను. కోపం పోలేదు. కానీ కూర్చోకుండా ఉండలేకపోయాను.

అమ్మగారు బైబిలు పట్టుకున్నారండీ అని మొదలుపెట్టారు. నుదుటి మీద మూడు గీతలు. కుడి కన్ను ఎడమ కన్ను కంటే కాస్త చిన్నది. ఎండకి చికిలించారు. అవును, అవును, ఒక్కొక్కటే అమ్మ తిరిగొస్తోంది. నేను ఊపిరి బిగబట్టి వింటున్నాను. “కీ తిరుగుతుండగా మీవైపు చూసి నవ్వారండీ. ఎడమ బుగ్గ మీద ఇంత సొట్ట పడింది” అన్నారు.

అమ్మకి సొట్ట లేదు. ఎప్పుడూ లేదు.

నేను అవునండీ అన్నాను.

బయటికొస్తే యోహాను మిల్లు గోడకి ఆనుకుని బీడీ కాలుస్తున్నాడు. నా మొహంలో ఏం చూశాడో, అడక్కుండానే చెప్పాడు. “మా ఆడదానికి ముక్కుపుడక ఉందన్నాడమ్మా. పుడకా? చెవులకి కూడా ఏమీ పెట్టుకోదు అది, మన సంఘంలో పెట్టుకోరు గదా.” మరి కాదని ఎందుకు చెప్పలేదని అడిగాను. బీడీ గోడకి రాసి ఆర్పాడు. “ఆయనకి ఎవరో ఒకరు కనపడతన్నారు గదమ్మా. కాదంటే, ఆ కనపడేది కూడా పోద్ది” అన్నాడు.

లోపలున్న వాళ్ళందరి వైపూ తిరిగి చూశాను. ఎంతమంది తలలూపారో, అందులో ఎంతమంది కాని మొహానికి అవునన్నారో. ఒక్కళ్ళు కూడా పైకి అనలేదు.

తిరుగు బస్సులో ఆయన డబ్బాని ఒళ్ళోంచి దించి కాళ్ళ దగ్గర పెట్టుకున్నారు. చాలా దూరం వచ్చాక, చాలా తప్పులు చెప్పి ఉంటాను కదండీ టీచరు గారూ అన్నారు. ఒక్కటీ లేదండీ అన్నాను. ఆయన్ని క్షమించి కాదు. క్షమించానో లేదో ఇప్పటికీ నాకు తెలియదు.

ఆ తర్వాత ఆయన సినిమాలు తీసినట్టు వినలేదు. భవానీపురంలోనే చిన్న గదిలో పాస్‌పోర్టు సైజు ఫోటోలు తీసేవారు. మొహాలు, ఉత్త మొహాలు. నేను ఉద్యోగం ఫోటోకి ఒకసారి వెళ్ళాను. ప్రతివాళ్ళకీ ముందు ఫిల్మ్ చుట్ట చేతికిచ్చి చూపించి, ఇదుగోండి, వేస్తున్నానండీ అని వాళ్ళ కళ్ళ ముందే కెమెరాలో పెట్టేవారు. అక్కడ కూర్చున్నవాళ్ళు ఇదేం చాదస్తమని నవ్వుకున్నారు. నేను నవ్వలేదు, పలకరించి కూడా మాట్లాడలేదు. ఫోటో తీసుకుని వచ్చేశాను.

ఇప్పుడాయన పోయారు. యోహాను ఎప్పుడో పోయాడు. ఆ గోడౌనులో కూర్చున్నవాళ్ళు ఎక్కడెక్కడ ఉన్నారో తెలియదు. అమ్మ మొహం ఎలా ఉండేదని అడగడానికి నాకిప్పుడు ఒక్క మనిషి లేడు.

మొన్న మా మనవరాలు అన్నం తింటూ దేనికో నవ్వింది. ఎడమ బుగ్గ మీద సొట్ట పడింది. ఎవరి పోలికే నీకు ఇది అని మా అల్లుడు ముద్దు చేస్తున్నాడు.

“మా అమ్మ పోలిక” అన్నాను నేను. తడుముకోకుండా అన్నాను. అన్నాక చెయ్యి కంచంలోనే ఆగిపోయింది. కాదు అందామని అమ్మని గుర్తుచేసుకుంటే, తెల్ల చీర కట్టుకుని, బైబిలు పట్టుకుని, నావైపు చూసి నవ్వింది. సొట్ట పడింది.